మెడ పట్టి పాడే పాట

కమలాబాయి ఆ మనిషిని మంచం మీద కూర్చోమన్నది గాని, అతని మైకును మాత్రం గడప దాటనివ్వలేదు.

గంగారం అవతలి లంబాడీ తండాకు అతన్ని వెంటబెట్టుకొని వచ్చింది ఆమె కూతురు భాగ్య. పేరు నసీర్, సినిమాలకు సంగీతం కూరుస్తాడు. హైదరాబాదువాడే, నిజాం కొలువుకు సిపాయిలుగా ఆఫ్రికా నుంచి వచ్చినవారి సంతతి. బరాతుల్లో మోగే మర్ఫా తన తాతలు తెచ్చిందేననీ, ఆ దరువును తెరమీది కథలకు నేపథ్యంగా మలచడమే తన పని అనీ చెప్పుకున్నాడు. ఇప్పటి సినిమాలో ఒక ఆఫ్రికా తల్లి, ఓడ ఎక్కుతున్న కూతురిని సాగనంపుతుంది. ఆ ఘట్టానికి కమలాబాయి గొంతులో 'ఢావలో' అనే పాట కావాలి. అత్తవారింటికి వెళ్లే పిల్ల, తనవాళ్ల మెడ పట్టుకొని పాడే ఏడ్పు అది.

కమలాబాయి అంతా విన్నది. ఒక్క మాటా నమ్మలేదు. పదేళ్ల కిందట ఇంతే మర్యాదగా మాట్లాడిన ఒకాయన, భద్రపరుస్తామని చెప్పి ఆమె అక్క సోనాబాయి చేత ఢావలో పాడించుకొని పోయాడు. అది చివరికి మానుకోట టాకీసులో వినబడింది: తెరమీద అడవిదొంగలు తాగి గంతులేస్తుంటే, వెనుక సోనాబాయి గొంతు. అడవి మనుషులను చూపడానికి అంతకు మించిన కల్పనాశక్తి ఆ పరిశ్రమకు ఏనాడూ అవసరపడలేదు. హాలంతా నవ్వింది. సోనాబాయి లేచి బయటికి నడిచింది. ఆ తర్వాత భాగ్య పెళ్లిలో సైతం పాటకు నోరు విప్పలేదు, అలాగే కన్నుమూసింది.

"ఈయన అట్లాంటోడు కాదు యాడీ," అన్నది భాగ్య.

"ఆయన గూడ అట్లాంటోడు కాకుండెనే," అన్నది తల్లి.

నసీర్ ప్రమాణం చేస్తానన్నాడు. ఆయనా చేశాడని కమలాబాయి గుర్తు చేసింది. తర్వాత అతన్ని తేరిపార చూసింది.

"ఒక్కదాన్ని ఎట్ల ఏడుస్త? మెడ దొరకాలె. నువ్వే రా. నేను ఏడ్చినంక నువ్వు బదులు ఏడ్వాలె, నీ వాళ్లను తలుసుకొని. అట్లయితే ఆ మిషను లోపలికి తే."

ఈ షరతు అతన్ని వెళ్లగొట్టడానికేనని భాగ్యకు అర్థమై తల దించుకున్నది. అతను చెప్పులు విడిచి, మైకును లోపలికి తెచ్చి నిలబెట్టాడు.

కమలాబాయి అతని మెడ చుట్టూ చేతులు వేసి, అక్కను తలచుకొని ఎత్తుకున్నది. ఒక చరణం ముగించి ఆగింది. ఇక అతని వంతు. ఓడ దిగిన ముత్తాత పేరైనా తెలియనివాడు ఎవరిని తలచుకుంటాడు? అతని అరచేయి ఆమె వీపు మీద కదిలింది. మర్ఫా దరువే, నడక తగ్గించి, పసిపిల్లను జోకొట్టినట్టు. నానమ్మ తనను అలాగే నిద్రపుచ్చేదని తర్వాత చెప్పాడు.

ఆమె మెడ వదల్లేదు. ఆ దరువు మీదనే రెండో చరణం ఎత్తుకున్నది.

అయ్యాక ఆమె చెవులకు హెడ్‌ఫోన్లు తగిలించి వినిపించాడు. తన గొంతు, రైక అద్దాల గలగల, అడుగున అతని అరచేయి. పట్నం వెళ్లి ఆ చేతి చప్పుడు తీసేసి శుభ్రం చేస్తానన్నాడు.

"తియ్యకు. నీ చెయ్యి తీస్తే నా ఏడుపును ఏడనన్న పెట్టొచ్చు. నన్ను చూసి నవ్వేటోడు నిన్ను చూసి గూడ నవ్వాలె."

నసీర్ అలాగేనన్నాడు. కమలాబాయి ఆ మాటా నమ్మలేదు. సినిమా వచ్చిన రోజు మానుకోటలో తాను చూస్తాననీ, పక్క సీట్లో అతనే కూర్చోవాలనీ చెప్పి, మైకును తానే తీసుకెళ్లి గడప బయట పెట్టింది.