పీపా వెనక చోటు

కెజీయాను చంపింది చలి కాదు, సంఘం. ఆమె భర్త ఆసాహేల్ టటిల్‌కి ఇందులో సందేహం లేదు. సందేహం ఉన్నవాళ్ళతో అతను మాట్లాడడు.

చలి అందరికీ ఉంది. అమెరికా నడుమ ఈ నెబ్రాస్కా మైదానంలో ఫిబ్రవరి ఎవరినీ వదలదు. కానీ ఆ చలిలో మూడేసి మైళ్ళు నడిచి పురుళ్ళు పోయమని, జబ్బుపడ్డవాళ్ళ దగ్గర కూర్చోమని, చచ్చినవాళ్ళకు ప్రార్థన చెప్పమని కెజీయాను పురమాయించింది చర్చి సంఘం. పురమాయించి, గుర్రమెక్కి, నూరు మైళ్ళ అవతల వెచ్చటి పట్నానికి వెళ్ళిపోయింది. ఇక్కడ సంఘమంటే పెటిబోన్ పాస్టరుగారే. ఏడాదికి మూడుసార్లు వస్తాడు. చలికాలంలో రాడు. ఆ నెలల్లో దేవుడు ఆయనను పిలవడు కాబోలు.

ఆయన రాని ఆదివారాలు కెజీయావి. ఆసాహేల్ ఇల్లు గడ్డివేళ్ళతో సహా కోసిన మట్టిపెళ్ళలతో కట్టింది. బయట వాన ఆగినా లోపల ఇంకో రోజు కురుస్తుంది. అయినా ఆ చుట్టుపక్కల పదిహేనుమంది పట్టే ఇల్లు అదొక్కటే. ఆరాధన అక్కడే జరిగేది. ప్రసంగానికి బల్ల లేదు. ఒక పీపా ఉంది.

ఆ పీపా కథ కూడా చెప్పాలి. తూర్పు పట్నాల అమ్మగార్లు 'మైదానంలో శ్రమించే సోదరీమణుల' కోసం దాని నిండా కానుకలు పంపారు. మొగుడూ పెళ్ళామూ దగ్గర చేరి మూత తీశారు. లోపల మంచు మీద జారే జోడు ఒంటిది, ఈకల విసనకర్ర, రెండూ ఎడమచేతివే అయిన పట్టు తొడుగులు, గుప్పెడంత నడుమున్న డాన్సు గౌను. గోడ సందుల్లోంచి మంచు లోపలికి కొడుతుంటే కెజీయా విసనకర్ర విప్పింది.

"ఏమయ్యా, ఉక్కపోస్తోందా? విసరనా?"

ఆసాహేల్ నవ్వాడు. ఆ రోజుల్లో నవ్వేవాడు.

గౌను పురిటి ఇళ్ళలో పసిపిల్లల గుడ్డలైంది. పీపాను బోర్లించి, దాని మీద బైబిలు గ్రంథం పెట్టి, వెనక నిలబడి కెజీయా వాక్యం చెప్పింది. ఆర్నెల్లు చెప్పింది. తర్వాత పాస్టరుగారు వచ్చి నియమం చెప్పాడు. ఆడమనిషి నాలుగు మంచిమాటలు చెప్పి హెచ్చరించవచ్చు. వాక్యం తీసుకుని ప్రసంగం చెయ్యకూడదు. కాబట్టి పీపా వెనక నిలబడకూడదు. పక్కన నిలబడవచ్చు. వెనకకూ పక్కకూ మధ్య ఉన్నది రెండడుగులు. ఆ రెండడుగుల్లో సంఘం పునాదులు కదిలిపోతాయట.

ఇంకొకటి కూడా ఉంది. చలికాలంలో కెజీయా ప్రార్థన చెప్పి పూడ్చిన ప్రతి ఒక్కరికీ వసంతంలో ఆయన వచ్చి మళ్ళీ సమాధి ప్రసంగం చేసేవాడు. అంతవరకు ఆ సాగనంపడం లెక్కలోకి రాదు.

"అంటే, చచ్చినవాడు మే నెల దాకా పరలోకం గడప బయట నిలబడి ఉంటాడా?" అని ఆసాహేల్ ఒకసారి భార్యను అడిగాడు.

"ఊరుకోవయ్యా. వాడి తల్లికి రెండోసారి ఏడవాలని ఉంది. ఏడవనీ," అంది కెజీయా.

ఆమెకు అన్నిటికీ ఒక సమాధానం ఉండేది. అందుకే అందరూ ఆమె నెత్తినెక్కి తొక్కారు.

ఆ ఏడు ఫిబ్రవరిలో, వాగు అవతల ఉండే నార్వే మనిషి గుద్రూన్‌కు పురిటి నొప్పులు మొదలయ్యాయి. కెజీయా వాగు దాటుతుంటే మంచు విరిగింది. నడుము దాకా తడిసింది. అలాగే వెళ్ళింది. ఆడపిల్ల పుట్టింది, తల్లి బతికింది. తొమ్మిదో రోజున ఊపిరితిత్తులు పట్టేసి కెజీయా ఊపిరి ఆగిపోయింది. నేల రాయిలా గడ్డకట్టి ఉంది. గుద్రూన్ మొగుడు టోర్వాల్డ్, ఆసాహేల్ కలిసి రెండు రోజులు నేల మీద పిడకలు కాల్చి, మెత్తబరిచి, గొయ్యి తవ్వారు. ప్రార్థన చెప్పేవాళ్ళు లేరు. ఉన్న ఒక్క మనిషి గొయ్యిలో ఉంది. గుద్రూన్ బాలింత, మంచం దిగలేదు. మగవాళ్ళిద్దరూ టోపీలు తీశారు, పెట్టుకున్నారు.

మే నెలలో పాస్టరుగారు వస్తున్నాడని కబురొచ్చింది. ముందురోజు గుద్రూన్ పిల్లను చంకనేసుకుని వచ్చింది.

"ఆసాహేలన్నా, రేపు కెజీయక్క సమాధి ప్రసంగం."

"ఆయన నోట ఆమె పేరు రావడానికి వీల్లేదు."

"ఆయన కాదు. నేను చెబుతాను. నా పురుటి రోజు నా కాళ్ళ దగ్గర వణుకుతూ అడిగింది. నాకేమైనా అయితే నువ్వే చెప్పు, ఆయన కోసం ఆగకు అంది. మీ భాష నాకు సరిగా రాదక్కా అన్నాను. వచ్చిన నాలుగు ముక్కలే చెప్పు, ఆయన నలభై చెప్పి ఏం సాధించాడు అంది."

అది కెజీయా మాటే. ఆసాహేల్ పక్కకు తిరిగి ఉమ్మేశాడు.

"నువ్వా? పీపా వెనక నిలబడతావా? ఆయన ఒక్క చూపు చూస్తే చతికిలబడతావు. నీ సంగతి నాకు తెలియదా? ఇప్పటికే ఆయన కోసం కోడిని కోసి ఉంటావు."

గుద్రూన్ తలదించుకుంది. "రెండు కోశాను," అంది.

మర్నాడు పదమూడుమంది వచ్చారు. పాస్టరుగారు ఎవరినీ అడక్కుండానే పీపా వెనక నిలబడి, గొంతు సవరించుకుని, గంటసేపు చెప్పాడు. సిస్టర్ టటిల్ వినయవతి. మౌనంగా ఉండేది. భర్త నీడలో వెలిగింది. సూదీ దారంతో పేదలకు బట్టలు కుట్టి ప్రభువును సేవించింది.

ఆసాహేల్ గోడకానుకుని విన్నాడు. కెజీయా మౌనంగా ఉండటం అతను నిద్రలో తప్ప చూడలేదు. సూది అంటే ఆమెకు పాముతో సమానం. ఆడవాళ్ళందరికీ ఆ సంగతి తెలుసు. అందరూ ముక్కులు చీదుతూ తలలూపుతున్నారు. పదమూడుమందిలో ఒక్కరికీ వెన్నెముక లేదు.

అప్పుడు గుద్రూన్ లేచింది. పిల్లను టోర్వాల్డ్ ఒళ్ళో పడేసి ముందుకు నడిచింది.

"అయ్యగారూ, కెజీయక్క నన్ను చెప్పమంది."

పాస్టరుగారు చిరునవ్వు నవ్వాడు. "తప్పకుండా సిస్టర్. పక్కన నిలబడి రెండు మాటలు చెప్పు."

"పక్కన కాదండి. అక్కడ." ఆమె వేలు పీపా వెనక్కి చూపించింది.

"చూడమ్మా, నియమం నేను పెట్టింది కాదు. అయినా పక్కన నిలబడితే నీ కాళ్ళేమైనా విరుగుతాయా?"

గుద్రూన్ పక్కకు ఒక అడుగు వేసింది. ఇలా అవుతుందని ఆసాహేల్ ముందే చెప్పాడు. కానీ అతను ఆమె వైపు చూడటం లేదు.

కాళ్ళు విరుగుతాయా అన్న ఆ మాట అతనిది. మూడేళ్ళ కిందట, నియమం చెప్పి పాస్టరుగారు వెళ్ళిన సాయంత్రం, కెజీయా పొలంలోకి వచ్చింది. "ఇల్లు నీది, పీపా నీది. నువ్వు వెనక నిలబడమంటే నిలబడతాను. ఏమంటావు?" అని అడిగింది. అతనికి నాగలి కర్రు వంకరపోయి చిరాగ్గా ఉంది. తల ఎత్తలేదు. "పక్కన నిలబడితే నీ కాళ్ళేమైనా విరుగుతాయా?" అన్నాడు. ఆ ఒక్కసారే ఆమె దగ్గర సమాధానం లేకపోయింది. ఇక అడగలేదు. మూడేళ్ళు పక్కన నిలబడింది.

ఆసాహేల్ గోడ వదిలి ముందుకొచ్చాడు.

"పాస్టరుగారూ, ఇల్లు నాది. ఆ పీపా నాది. మీరు అవతలికి జరగండి."

"బ్రదర్ టటిల్, దుఃఖంలో ఉన్నావు..."

"జరుగుతారా, జరపమంటారా?"

పాస్టరుగారు జరిగాడు. రెండడుగులే. పునాదులేవీ కదల్లేదు. కప్పులోంచి కాస్త మట్టి రాలింది, అది రోజూ రాలుతూనే ఉంటుంది.

"వెళ్ళు. వెనక నిలబడు," అన్నాడు ఆసాహేల్ గుద్రూన్‌తో.

ఆమె నిలబడింది. గ్రంథం తెరిచి చెయ్యి పెట్టింది. చదవడం ఆమెకు రాదు. తెల్లవారకముందే యేసు సమాధి దగ్గరికి వెళ్ళిన ఆడవాళ్ళ సంగతి గుర్తున్నంత చెప్పింది. తర్వాత ఇలా అంది:

"నేనిక్కడికి వచ్చి రెండేళ్ళు ఇల్లు దాటితే ఆవుతో తప్ప ఎవరితో మాట్లాడలేదు. దేవుడు నన్ను దారిలో మరిచిపోయాడనుకున్నాను. కెజీయక్క రొట్టె పట్టుకుని వచ్చింది. ఆ రొట్టె మాడింది. కూర్చుని నాతో ప్రార్థన చేసింది. ఆ తర్వాత నన్ను వెంట తీసుకెళ్ళింది, రోగుల దగ్గరికి, పురుళ్ళకి. నేనెందుకు వచ్చానో అప్పుడు తెలిసింది. ఇక ఆ పని నాది. అక్కకి కుట్టడం రాదు అయ్యగారూ. నా పెద్దదానికి ఒక గౌను కుట్టింది, రెండు చేతులూ ఒకే వైపున్నాయి. ఆ రోజు తడిసి వచ్చింది. బట్టలు మార్చుకో అక్కా అన్నాను. ముందు నీ పని కానీ అంది. ఇంతే. ఆమేన్."

ఆడవాళ్ళు నవ్వారు, ఏడ్చారు. పాస్టరుగారు మొహం ముడుచుకునే రెండు కోళ్ళూ తిన్నాడు. తిని, పై పెద్దలకు తెలియజేస్తానని చెప్పి గుర్రమెక్కాడు. తెలియజేసుకోనీ.

అందరూ వెళ్ళాక గుద్రూన్ ఆగింది.

"అన్నా, ఆయన కాళ్ళు విరుగుతాయా అన్నప్పుడు నీ మొహం అలా అయిపోయిందేం? నేను చూశాను."

ఆసాహేల్ పీపాను గోడవారకు దొర్లిస్తున్నాడు.

"ఆదివారం వచ్చి నువ్వే చెప్పు. ఇక్కడే. దీని వెనకే."

"వస్తాను. అడిగింది చెప్పలేదు నువ్వు."

"చెప్పను."

"ఆ సంగతి కెజీయక్కకి తెలుసా?"

"పిల్ల ఏడుస్తోంది, పో."

కెజీయాను చంపింది సంఘం. ఆ సంఘంలో ఎవరెవరున్నారో ఆసాహేల్‌కి తెలుసు. గుద్రూన్ ఆ వేసవిలో ఇంకోసారి అడిగింది. అతను కొడవలి కింద పెట్టి, "మళ్ళీ ఈ మాటెత్తితే నా గడప తొక్కొద్దు," అన్నాడు. ఆమె ఎత్తలేదు. అతనూ ఎవరి దగ్గరా ఎత్తలేదు, ఎత్తడు.