విరిగిన పాలతో మామిడి కాబ్లర్

శనివారం భూమవ్వకు ఒక్కపొద్దు. పొద్దుగూకాకే తింటుంది. ఆ రోజు గుడ్డు ముట్టదు, చక్కెర కూడా వద్దంటుంది, బెల్లమే కావాలి. కోడలు కావ్య బోధన్‌కు కాపురానికి వచ్చాక శనివారాల్లో ఎన్ని కేకులు చేసినా ఒక్క ముక్కా అత్త నోట్లోకి పోలేదు. అందుకే ఇవాళ గుడ్డు లేని మామిడి కాబ్లర్ చేస్తోంది. అడుగున పండు ముక్కలు, పైన జారుగా కలిపిన పిండి, అంతే.

తరిగిన బెల్లం మీద వేడి పాలు పోయగానే పాలు విరిగిపోయాయి. ఇంట్లో వేరే పాలు లేవు. కావ్యకు ఏడుపొచ్చింది.

"ఏమైంది పిల్లా, గట్ల నిలబడ్డవ్?" భూమవ్వ వంటింట్లోకి వచ్చింది.

"పాలు ఇరిగినయ్ అత్తమ్మా. పారబోస్త."

"పారబోసుడేంది! ఉడుకు పాలు బెల్లం మీద పోస్తే ఇరుగయా మరి? మజ్జిగ పోసి అట్లు పోస్తలేమా? గదే పిండిల కలుపు."

హాల్లోంచి కావ్య భర్త అఖిలేష్ అరిచాడు. "అమ్మా, ముందుగాల నువ్వే తిని సూడు. నువ్వు మంచిగుంటే మేం తింటం!"

"నీకు గిన్నె కూడ నాకనియ్య పో," అంది భూమవ్వ.

కుక్కర్‌లో ఉప్పు పరిచి, విజిల్ తీసేసి, మామిడి ముక్కల మీద పిండి పోసిన గిన్నెను అందులో దించి, సన్నమంట మీద పెట్టారు. చీకటి పడేసరికి పైపొర ఎర్రగా కాలింది, అంచుల్లో మామిడి రసం బుడగలుగా పొంగుతోంది.

భూమవ్వ దేవుడి ముందు కొంచెం పెట్టి, కూర్చుని తిన్నది. కావ్య గిన్నె పట్టుకుని పక్కనే నిలబడింది.

"ఇంకింత పెట్టు," అంది అత్త, పళ్లెం ముందుకు జరుపుతూ.

పొద్దున్నుంచి తనూ ఏమీ తినలేదని కావ్యకు అప్పుడు గుర్తొచ్చింది.