జైతూన్ నూనెలో వావిలాకు

ముందే చెప్పుకుంటున్నాను. నా రాతలో ఒత్తులు తప్పుతాయి, దీర్ఘాలు ఎక్కడివక్కడ ఉండవు. నేను అక్షరాలు నేర్చుకున్నది యాభై తొమ్మిదో ఏట. ఒక పేజీ రాయడానికి నాకు ఒక పూట పడుతుంది, మధ్యలో పొయ్యి మీద పాలు గుర్తొస్తే ఆ పూట కూడా చాలదు. తప్పు కనబడిన చోట మీరే దిద్దుకుని చదవండి.

మా ఆయన పేరు రాజలింగు. శ్రీరాంపూర్‌లో బొగ్గుబాయి పని. ముప్పై నాలుగేళ్ళలో సగానికి పైగా ఫిల్లర్‌గానే చేశాడు, అంటే పేల్చిన బొగ్గును తట్టలతో ఎత్తి టబ్బుల్లో నింపేవాడు. కప్పు కిందికి ఉన్న చోట మోకాళ్ళ మీద పాకాలి. రిటైరయ్యేనాటికి ఆయన కూర్చుని లేస్తే మోకాళ్ళ చప్పుడు నాకు వంటింట్లోకి వినబడేది. ఆయన పోయి ఆరేళ్ళయింది.

ఆ మోకాళ్ళకు ఆయనే ఒక నూనె చేసుకునేవాడు. అందరూ నువ్వుల నూనెతో చేసుకుంటారు, ఆయన జైతూన్ నూనెతో చేసేవాడు. మందుల షాపుల్లో దాన్ని ఆలివ్ నూనె అంటారు. గల్ఫ్ పోయివచ్చినవాళ్ళు ఇంటికొకరున్న మెట్‌పల్లిలో మాత్రం జైతూన్ అనే అంటారు. మా మరిది కుమారస్వామి మస్కట్ నుంచి రెండేళ్ళకోసారి వస్తూ ఒక పచ్చ డబ్బా తెచ్చేవాడు. మొదటి డబ్బాతో నేను పూరీలు చేశాను.

"గిదేం నూనె తారా? చెట్టు బెరడు నమిలినట్టున్నది," అన్నాడు ఆయన, రెండో పూరీ సగంలో ఆపి.

"మీ తమ్ముడు తెచ్చిండు. ఆయన్నే అడుగు."

"నూనెది తప్పు లేదు, నీ మూకుడుదే తప్పు. ఇటియ్యి డబ్బా. నా మోకాళ్ళు తింటయి."

అలా మొదలైంది. ఏడాదికోసారి, వానలు వెనకబట్టే రోజుల్లో, సైకిల్ మీద పోయి సంచెడు వావిలాకు తెచ్చేవాడు. మంచం కింద నీడలో పరిచి పది రోజులు ఎండబెట్టేవాడు. గాజు సీసాలో ఆకు వేసి, మునిగేదాకా నూనె పోసి, సీసాకు తన పాత నీలం యూనిఫాం గుడ్డ చుట్టి మూడు వారాలు దాబా మీద ఎండకు పెట్టేవాడు. నన్ను ముట్టనిచ్చేవాడు కాదు. నా పని ఆ తర్వాత. షిఫ్టు నుంచి వచ్చి స్నానం చేసి, లుంగీ మోకాళ్ళ పైకి మడిచి, గడప దగ్గర కాళ్ళు చాపి కూర్చునేవాడు. నేను రాసేదాన్ని. పదిహేనేళ్ళు అదే. మేము కొట్లాడుకున్న రోజుల్లో కూడా, మాటల్లేకుండా అయినా రాసేదాన్ని.

ఆయన పోయాక క్వార్టర్ ఖాళీ చేసి మెట్‌పల్లిలో మా బిడ్డ శ్యామల దగ్గరికి వచ్చాను. ఆయన బట్టలు పంచిపెట్టేశారు. ఫోటో ఉంది కానీ ఫోటోకు వాసన ఉండదు. నేను తెచ్చుకున్నది ఆయన చేతితో చేసిన చివరి నూనె, ఆ నీలం గుడ్డ చుట్టిన సీసాలో నాలుగు వేళ్ళ ఎత్తు. అది మోకాళ్ళకు రాసుకోలేదు, అయిపోతుందని. పొద్దున ఒకసారి మూత తీసి వాసన చూసి మళ్ళీ బిగించేదాన్ని. మూత దగ్గర కారేది కారింది, ఒకసారి సీసా ఒరిగి కొంత పోయింది. ఈ ఎండాకాలం చూస్తే వేలెడు మిగిలింది. అంతకన్నా భయం వేసినదేమంటే, మూత తీసినప్పుడు ఆయన వెంటనే రావడం లేదు. కాసేపు వెతుక్కోవాల్సి వస్తోంది. ఈ వేలెడు కూడా పోతే ఇంక దేంట్లో వెతుక్కోను? అది అయిపోకముందే, ఆ వాసన నాకు గుర్తున్నప్పుడే, మళ్ళీ అదే నూనె చేయాలనుకున్నాను.

శ్యామల ఆర్టీసీలో కండక్టర్. మాట కూడా టికెట్ చింపి ఇచ్చినట్టే ఉంటుంది.

"అవ్వా, మోకాళ్ళు నొస్తే చెప్పు, దవఖానకు తీస్కపోత. గా కంపు సీసా వట్టుకొని ఎన్నేండ్లు కూసుంటవ్?"

"అది మీ బాపు నూనె."

"బాపు నూనె బాపు ఉన్నప్పటిది. ఇప్పుడది వట్టి మురుగు నూనె."

నేను ఆ రోజంతా దానితో మాట్లాడలేదు. మర్నాడు అదే పోయి వాళ్ళ బాబాయి దగ్గర చివరి పచ్చ డబ్బా అడిగి తెచ్చింది. కుమారస్వామి మస్కట్ మానేసి ఇంటి దగ్గరే ఉంటున్నాడు, ఇంక డబ్బాలు రావు.

మా వాడకట్టు చివర కంచెలో వావిలి ఉంది. జేష్ఠంలో ఆకు కోసుకొచ్చాను. మూడు నీళ్ళలో కడిగాను. ఇది నేను ఆలోచించి చేసిన పని కాదు. శ్రీరాంపూర్‌లో ముప్పై ఏళ్ళు కాపురం చేసిన ఆడది కడగని ఆకును గడప దాటనివ్వదు. అక్కడ దండెం మీది తెల్లచీర సాయంత్రానికి బూడిదరంగుకు తిరుగుతుంది. చింతచిగురు కడిగిన నీళ్ళు నల్లగా పోతాయి. మెట్‌పల్లిలో బొగ్గు లేదు, దుమ్ము లేదు, అయినా నా చేతులు కడిగేశాయి. ఫ్యాను కింద పరిచాను. పది రోజులకు పెళపెళలాడింది. డబ్బాలో సగం నూనె పోసి, గుడ్డ చుట్టి దాబా మీద పెట్టాను.

పన్నెండో రోజు మూత తీస్తే బుస్సుమంది. నూనె మసకబారింది, పైకి తేలిన ఆకు మీద తెల్లటి నూగు. పులిసిన పిండి వాసన. సీసా పట్టుకుని దాబా మీదే కూర్చున్నాను. అంతదాకా ఆయన పోయినందుకు ఏడ్చానే గానీ, ఆయన చేసే పని నాకు రాదని ఏడవడం అదే మొదలు.

శ్యామల పైకి వచ్చి చూసి, ఈసారి ఏమీ వెక్కిరించలేదు. "రాజయ్య కాకను అడుగు. బాపు యాడికి వోయినా ఆయనే తోడు గద. మంచిర్యాల బస్సెక్కు, ఆడోళ్ళకు జీరో టికెటే, పైసలు కూడ వెట్టేది లేదు," అంది.

రాజయ్య మా ఆయన కింద పని నేర్చుకున్నవాడు. ఇప్పుడు రిటైరై మంచిర్యాల పక్కన నస్పూర్‌లో ఇల్లు కట్టుకున్నాడు. శ్రావణంలో పోయాను. ముసురు పట్టి ఉంది. ఆయన భార్య పద్మలత చాయ్ ఇచ్చి, "ఆకు కోసం ఇంత దూరమొచ్చినవా అక్కా? మా ఆయన కోసం నేను ఎదురింటికి గూడ వోను," అని నవ్వించింది.

నేను రాజయ్యను సూటిగానే అడిగాను. "మీ అన్న ఆ నూనెల ఏమేం ఏసెటోడు రాజయ్యా? నాకు చెప్పకుంట ఏమన్న కలిపెటోడా?"

"ఏం లేదు వదినె. వావిలాకు, జైతూన్ నూనె. గంతే."

"గంతే అయితే నాది ఎందుకు పులిసింది?"

అతను చాయ్ గ్లాసు కింద పెట్టాడు. "ఆకు కడిగినవా?"

"కడగక?"

"ఎన్ని నీళ్ళు?"

"మూడు."

"సబ్బు వెట్టలే గద?"

పద్మలత పక్కకు తిరిగి నవ్వింది. నాకు కోపం వచ్చింది. రాజయ్య అది చూసి మెల్లగా చెప్పాడు.

"గిట్ల గాదు వదినె. కడిగిన ఆకు పైన ఎండుతది, ఈనెల్ల నీళ్ళు ఉంటయి. నూనెల వడ్డంక అవి పులుస్తయి. కడుగకుంటెనేమో మన క్వార్టర్ల కాడి ఆకు నల్లదుమ్ము. అన్న మొదటిసారి రెండు తీర్ల జేసి రెండు తీర్ల ఖరాబ్ చేసిండు, నీకు చెప్పలే. గందుకే గోదారి ఒడ్డుకు పోయెటోడు. రెండు దినాలు వాన గట్టిగ కొట్టాలె, మూడో దినం ఎండ కొట్టాలె. పగటాల్లకు ఆకు తానం చేసి ఆరినట్టుంటది. ఇగ కడుగుడెందుకు?"

ఆ గోదారి ప్రయాణాల మీద మా ఇంట్లో జరగని గొడవ లేదు. మా క్వార్టర్ కంచెకే వావిలి ఉండేది. "కండ్ల ముందర ఆకు వెట్టుకొని గోదారి దాక ఏం రాచకార్యమయ్యా?" అనేదాన్ని. ఆయన సైకిల్ ఎక్కుతూ, "గాలి తిరిగొస్త," అనేవాడు. ఒకసారి కల్లు వాసన పట్టుకుని రెండు రోజులు అన్నం ముందర పెట్టి మాట్లాడకుండా పక్కకు పోయాను.

"కల్లు గూడ తాగెటోడు గద?" అన్నాను రాజయ్యతో.

"ఒక్క సీస. గదీ ఆకు మంచిగ దొరికిన దినమే."

"చెప్పచ్చు గద నాకు!"

"నువ్వు అడిగినవా వదినె? నువ్వు తిడుతుంటివి."

నిజమే. ఎందుకు పోతున్నావని అన్నాను గానీ, అది అడగడం కాదు. ఒక్కసారి నిజంగా అడిగి ఉంటే ఆ సైకిల్ వెనక నన్ను కూడా కూర్చోబెట్టుకుని పోయేవాడేమో. వెళ్ళేదాన్నో లేదో. వంట ఉందనేదాన్ని.

వాన కోసం వాళ్ళింట్లో మూడు రోజులు ఉన్నాను. రెండు రోజులు కురిసింది. మూడో రోజు పది గంటలకు ఎండ వచ్చింది. రాజయ్య ఆటో మాట్లాడాడు. గోదారి ఎర్రగా, నిండుగా పోతోంది. ఒడ్డున వావిలి పొదలు నడుమెత్తు, చివర్లకు నీలంపూలు. నేను ఒక ఆకు తీసుకుని కొంగుకు తుడిచి చూశాను. కొంగు తెల్లగానే ఉంది. ఆయన ఎక్కడ నిలబడేవాడని అడిగితే రాజయ్య ఒక రాయి చూపించబోయి, "ఏమో వదినె, నీళ్ళు ఎక్కినంక ఒడ్డు మారింది," అన్నాడు. అలా అనడమే నాకు నచ్చింది. లేకపోతే ఆ రాయి పట్టుకుని కూర్చునేదాన్ని.

మెట్‌పల్లికి వచ్చి ఆకు మంచం కింద పరిచాను. కడగాలని చేతులు ఎంత లాగాయో నాకే తెలుసు. పిడికిట్లో నలిపితే పొడి అయ్యేదాకా ఆగాను. మిగిలిన సగం డబ్బా పోశాను. నీలం గుడ్డ చుట్టి దాబా మీద పెట్టాను. మబ్బు పడితే లోపలికి, ఎండ వస్తే బయటికి. రోజూ సాయంత్రం సీసాను అటూఇటూ తిప్పేదాన్ని. ఇరవై రెండో రోజు, బతుకమ్మ పూలు అమ్మడానికి వచ్చే రోజుల్లో, పల్చటి గుడ్డలో వడకట్టాను. నూనె ఆకుపచ్చగా దిగింది. మసక లేదు, పులుపు లేదు.

పాత సీసా, కొత్త సీసా పక్కపక్కన పెట్టాను. ముందు కొత్తదాని వాసన చూశాను. పచ్చి ఆకు ఘాటు, దాని వెనక జైతూన్ చేదు. అంతే. ఆయన లేడు. పాతది చూశాను. కొత్తదాని పక్కన పెట్టి చూస్తే దాచడానికి ఏమీ లేదు, అది పాడైన నూనె. శ్యామల చెప్పింది అబద్ధం కాదు. ఎన్నేళ్ళ నుంచి ఆ పాడైన వాసనను ఆయన అనుకున్నానో తెలియదు. అసలు వాసన ఏదో కూడా ఇప్పుడు నాకు తెలియదు. పాతదాంట్లో లేడు, కొత్తదాంట్లో రాలేదు. రెండు మూతలూ బిగించి గోడకు ఆనుకుని కూర్చున్నాను.

మధ్యాహ్నం శ్యామల డ్యూటీ దిగి వచ్చింది. నేను లేవబోయి లేవలేకపోయాను. దాబా మెట్లు ఇరవై రోజులు ఎక్కి దిగిన మోకాలు పట్టేసింది.

"లేవకు, కూసో," అంది. యూనిఫాం కూడా విప్పలేదు. "గీ నూనె దేనికి జేసినవ్, మొక్కుకునేతందుకా?" అంటూ కొత్త సీసా అందుకుంది.

"ఒద్దు బిడ్డా, అది ఆయన నూనె లెక్క రాలే."

"రాకపోతే మాయె. మోకాలికైతే వనికొస్తది."

అరచేతిలో పోసుకుని రెండు చేతులూ రుద్ది నా మోకాలి మీద పెట్టింది. వాళ్ళ బాపుకు నేను రాసినట్టే, బొటనవేలితో చిప్ప చుట్టూ. చిన్నప్పుడు గడప దగ్గర కూర్చుని చూసేది కదా. ఒక నిమిషం అయింది. ఒంటి వేడికి నూనె వెచ్చబడింది.

అప్పుడు వచ్చింది. సీసాలో ఎప్పుడూ లేని వాసన. వెచ్చటి చర్మం, ఆకు, కొద్దిగా చెమట. సాయంత్రం గడప. చాపిన కాళ్ళు. నేను సీసాలో వెతుకుతున్నాను గానీ ఆ వాసన ఎన్నడూ సీసాది కాదు. రాస్తేనే పుట్టేది. అది ఆయనదీ, నా చేతులదీ.

శ్యామల చేతులు ఆగాయి. తల ఎత్తలేదు. "అవ్వా," అంది, "బాపు..."

"ఆపకు," అన్నాను.

ఆపలేదు. నేను దాని చేతులు రెండూ పట్టుకుని ముఖానికి ఆనించుకున్నాను. టికెట్ మిషన్, చిల్లర, బస్సు రాడ్ల వాసన అన్నీ ఉన్నాయి, వాటి కింద అదీ ఉంది. తర్వాత శ్యామలే చేతులు విడిపించుకుని, ముక్కు చీది, "ఇంకో కాలు జాపు," అంది.

ఆ వాసన సాయంత్రం దాకా ఉంది. పొద్దున నీళ్ళు పోసుకుంటే పోయింది. పట్టి ఉంచుకోవడానికి లేదు. కావాలంటే మళ్ళీ రాయాలి, రాస్తే అయిపోతుంది. కొత్త సీసా ఇప్పటికే సగానికి వచ్చింది. శ్యామల డ్యూటీ లేని రోజు తనే రాస్తుంది, మిగతా రోజులు నేనే రాసుకుంటాను. నా చేతులకు అంత బలం లేదు, అయినా కళ్ళు మూసుకుంటే కాసేపు ఆయన మోకాలు నా చేతి కింద ఉన్నట్టే ఉంటుంది. కళ్ళు తెరిస్తే నాదే.

తారాబాయి, అరవై నాలుగేళ్ళు, మెట్‌పల్లిలో మా బిడ్డ ఇంట్లో ఉంటున్నాను.