తెలిసిన తేదీ

వడ్రంగి మేస్త్రీ ఇంటి వెనక రేకుల షెడ్డును మున్సిపల్ ఆఫీసువాళ్లు దుకాణమని రాసుకున్నారు. ఏడేళ్లు దుకాణం రేటునే పన్ను పిండారు. అందులో అమ్మకమూ లేదు, బేరమూ లేదు. మేస్త్రీ, రంపం, మోకాటి లోతు పొట్టు. కట్టాల్సింది ఇంటి రేటేనని తెలిసిన రోజే ఆయన అర్జీ రాసిచ్చాడు. ఎక్కువ కట్టింది తిరిగొస్తే కోత మిషను కొనుక్కోవాలి. కుడి భుజం పట్టేసింది, చెయ్యి చెవి దాటి పైకి లేవడం లేదు.

పన్నుల గుమాస్తా మర్యాదస్తుడు. వెళ్లిన ప్రతిసారీ కూర్చోబెట్టి మాట్లాడేవాడు.

"మీ డబ్బెక్కడికి పోతుంది మేస్త్రీ? గవర్నమెంటు దగ్గరే కదా ఉంది."

"కోర్టుకెళ్లమంటున్నారు బాబూ కొందరు."

"కోర్టుకెళ్తే ఫైలు అక్కడ పడుకుంటుంది. ఇక్కడైతే నడుస్తోంది. అందాకా పాత రేటే కట్టండి, లేకపోతే జరిమానా."

ఫైలు నాలుగేళ్లు నడిచింది. ఆ నడకకి ఈపాటికి సముద్రం తగలాలి. ఆఫీసరుండే మేడ మెట్లు కూడా ఎక్కలేదు. ఈలోగా ఒక ఏడు పన్ను కట్టడం రెండు రోజులు ఆలస్యమైతే, జరిమానా నోటీసు మూడో రోజు పొద్దున్నే గుమ్మంలో పడింది.

"ఆ నోటీసు తెచ్చినవాడి చేతికే నీ ఫైలూ ఇమ్మనకపోయావా" అంది భార్య. "వాడికి కనీసం ఇల్లు తెలుసు."

చివరికి జవాబొచ్చింది. ఎక్కువ వసూలు చేసిన మాట నిజమేనట. అయితే పొరపాటు తెలిసిన మూడేళ్లలోపు కోర్టులో దావా వెయ్యలేదు గనక, ఇవ్వనక్కర్లేదట.

మేస్త్రీ ఆ కాగితం పట్టుకుని ప్లీడరు దగ్గరికి వెళ్లాడు.

"అర్జీ వాళ్ల దగ్గరే ఉంది కదండీ, నేను ఊరుకున్నదెక్కడ?"

"ఆఫీసులో అర్జీ ఉంటే కాలం ఆగదు. కోర్టులో దావా ఉంటేనే ఆగుతుంది." ప్లీడరు గొంతు తగ్గించాడు. "పోయిన నెలే తెలిసిందని రాద్దాం. ఎప్పుడు తెలిసిందో వాళ్లకేం తెలుసు?"

"ఆ తేదీ అర్జీలో రాసేశానండీ" అన్నాడు మేస్త్రీ. చెక్క కొన్న రోజున దాని మీద పెన్సిలుతో తేదీ వెయ్యనిదే షెడ్డులో పెట్టని మనిషి. అర్జీ మొదటి వరుసలోనే తెలిసిన తేదీ వేశాడు. పూటతో సహా.

"నాలుగేళ్లు దొరకని కాగితం ఇప్పుడేం దొరుకుతుందిలెండి" అన్నాడు ప్లీడరు.

ఉందో లేదో చూద్దామని ఇద్దరూ ఆఫీసుకి వెళ్లారు. అర్జీ సంగతి ఎత్తగానే గుమాస్తా వెనక్కి తిరిగి, బీరువా తెరిచి, మొదటి చేతికే తీసి బల్ల మీద పెట్టాడు. దుమ్ము లేదు. తేదీ కింద ఎర్ర సిరాతో రెండు గీతలున్నాయి.

"నడుస్తోందన్నారు కదా బాబూ."

"నడిచే వచ్చింది మేస్త్రీ. అవసరానికి అందింది."

ప్లీడరు దగ్గి, మేస్త్రీ చేతిలోని పన్ను రసీదుల కట్ట అందుకుని ఒక్కొక్కటే తిరగేశాడు. "పాతవన్నీ గడువు దాటి పోయాయి. అర్జీ ఇచ్చాక కట్టినవాటికి మాత్రం ఏ రసీదుకారసీదే, కట్టిన రోజు నుంచి మూడేళ్లు. మూడింటికి ఇంకా ప్రాణముంది. ఇందులో ఒకటి ఎల్లుండితో సరి."

మూడు రసీదులు. వాటితో మిషను రాదు. మోటారూ పళ్లచక్రమూ వస్తాయేమో. బల్ల తనే చేసుకోవచ్చు. ఎడమ చేత్తో అయినా సరే, నెల పట్టినా సరే.

"మూడు రసీదులకి కోర్టెందుకు మేస్త్రీ" అన్నాడు గుమాస్తా, తెల్లకాగితం ఆయన ముందుకి జరుపుతూ. "ఇంకో అర్జీ రాసివ్వండి. ఈసారి నేను స్వయంగా చూసుకుంటా."

మేస్త్రీ రసీదులు మడిచి జేబులో పెట్టుకున్నాడు.

"అలిగారా?"

"లేదు బాబూ. కోర్టు అయిదింటికి కట్టేస్తారట" అని ప్లీడరు కంటే ముందు మెట్లు దిగాడు.