తొమ్మిది వందల మందికి ఒకే గొంతు

నా పేరు జివ్కా. సోఫియాలో సినిమా స్టూడియో ఎడిటింగ్ గదిలో పనిచేసేదాన్ని. పని నేర్పింది సెవెరీన కుర్తేవా. నాకు పదేళ్లు పెద్దది, అందుకే అక్కా అని పిలిచేదాన్ని.

అక్క బుడాపెస్టులో డైరెక్షన్ చదివొచ్చింది. ముప్పై ఏళ్లకే మొదటి సినిమా తీస్తే బ్రహ్మాండంగా ఆడింది. రెండోది పొగాకు తోటల్లో పనిచేసే ఆడవాళ్ల కథ. అందులో ఒక ముసలామె తోటల అధికారిని అందరి ముందూ నిలబెట్టి కడిగేస్తుంది. ఆ సీను తీసెయ్యమంది సినిమాలకి అనుమతిచ్చే కమిటీ. తియ్యనంది అక్క. సినిమా డబ్బాలోనే ఉండిపోయింది. అక్కకి మరో సినిమా ఇచ్చినవాడు లేడు.

ఆరేళ్లపాటు హంగేరియన్ నవలలు మా భాషలోకి తెస్తూ బతికింది. అనువాదమంటే చాలామంది తల వంచుకుని రాసుకుంటారు. ఈవిడ అలా కాదు. వంటింట్లో నాలుగు కుర్చీలు వేసి, ఒక్కో కుర్చీని ఒక్కో పాత్ర అనుకుని, అటూ ఇటూ తిరుగుతూ మాటలన్నీ పైకి అనేది.

"ఇది నోట్లో తిరగట్లేదే జివ్కా. నువ్వు ఆ కుర్చీలో కూర్చుని నన్ను తిట్టు, చూద్దాం."

"ఏమని తిట్టనక్కా?"

"మీ అత్తని తిట్టుకున్నట్టు తిట్టు!"

డెబ్భై ఏడు అక్టోబరులో ఒక ఆదివారం. బాల్కనీలో ఇద్దరం శీతాకాలానికి నిలవ చెయ్యాలని పెద్ద మిరపకాయలు కాల్చి తొక్కలు తీస్తున్నాం. సినిమాహాలు మేనేజర్ గ్రోజ్దాన్ మూడంతస్తులు ఎక్కి, రొప్పుతూ వచ్చిపడ్డాడు.

"సెవెరీనా, తల్లీ, నువ్వే దిక్కు! గంటలో హంగేరీ సినిమా. అనువాదం చెప్పేవాడికి గొంతు పోయింది, పిల్లిలా కూస్తున్నాడు. ఆ సినిమా డైరెక్టర్ కూడా వచ్చి కూర్చున్నాడు."

పరాయి దేశాల సినిమాలు వారంపాటు ఆడించే ఉత్సవాల్లో తెర మీద అక్షరాలు వేసేవాళ్లు కాదు. హాలు వెనక చిన్న గదిలో ఒకరు మైకు పట్టుకుని, పాత్రలు మాట్లాడుతుంటే అర్థం చెప్పుకుంటూ పోయేవాళ్లు.

"నేనా సినిమా చూళ్లేదు గ్రోజ్దాన్."

"చూడక్కర్లేదు! డైలాగులన్నీ కాగితాల మీద సిద్ధం. చదివెయ్, అంతే."

అక్క ఏప్రన్ మీదే కోటు తొడుక్కుంది. ట్రాములో చేతులు వాసన చూసుకుని, "నా దగ్గర మిరపకాయల కంపు కొడుతోందా?" అంది.

"మైకుకి ముక్కు లేదులే అక్కా," అన్నాను.

తొమ్మిది వందల మంది పట్టే హాలు కిక్కిరిసిపోయింది. మెట్ల మీద కూడా జనమే. దీపాలు ఆరాయి. అక్క మొదటి కాగితం తీసింది. అందులో ఒక డాక్టరు నర్సుతో మాట్లాడుతున్నాడు. తెర మీద చూస్తే ఇద్దరు అన్నదమ్ములు, మధ్యలో ఒక గుర్రం. డాక్టరూ లేడు, నర్సూ లేదు.

"గ్రోజ్దాన్, ఇవి వేరే సినిమా కాగితాలు!"

మేనేజర్ మొహం పాలిపోయింది. "ఆపించెయ్యనా?"

"ఆపితే జనం నిన్ను చితక్కొడతారు. తలుపేసి వెళ్లు."

కాగితాలు నా ఒళ్లో పడేసి, మైకు దగ్గరికి లాక్కుంది. మొదటి అయిదు నిమిషాలూ మాటలు వెనకబడ్డాయి. హాల్లో దగ్గులు, గొణుగుళ్లు. "నిద్రపోతున్నావా తల్లీ?" అని ఎవడో అరిచాడు.

అంతలో తెర మీద అన్న గుర్రాన్ని తిట్టడం మొదలెట్టాడు. అక్క కుర్చీ వెనక్కి తన్ని లేచి నిలబడింది. సంతలో మా పల్లెటూరి రైతులు తిట్టే తిట్లన్నీ, ఆ యాసలోనే అందుకుంది. హాలు గొల్లుమంది! ఇక ఆవిణ్ణి పట్టుకునేవాళ్లు లేరు. అన్నకి బండగొంతు, తమ్ముడికి గడగడా పరిగెత్తే గొంతు, పక్కింటావిడకి సాగదీసే గొంతు. తెర మీద మనిషి నోరు మూయకముందే మాట అందించేస్తోంది. జనం హంగేరియన్ తెలిసినవాళ్లలాగే నవ్వుతున్నారు. నాకైతే గంతులెయ్యాలనిపించింది.

ఆ అన్నదమ్ములకి ఇరవై ఏళ్లుగా మాటల్లేవు. ఏం చెప్పినా గుర్రానికే చెప్పుకుంటారు. చివర్లో గుర్రం బురదలో దిగబడింది. ఇద్దరూ చేతులతో తవ్వుతున్నారు. చాలాసేపు ఒక్క మాట లేదు. అప్పుడు తమ్ముడు తలెత్తి ఏదో చిన్న మాట అన్నాడు. అక్క ఒక్క క్షణం ఆగి, మెల్లగా అంది: "అన్నా."

హాల్లో ఎవరో వెక్కడం వినిపించింది.

దీపాలు వెలిగేసరికి జనం తెరకేసి కాదు, వెనక్కి తిరిగి మా గదికేసి చప్పట్లు కొడుతున్నారు. హంగేరీ డైరెక్టర్ బర్నబాష్, పొట్టి మనిషి, మెట్లెక్కి వచ్చేశాడు. ఎవరు చెప్పారో గానీ, చివరి మాట అక్క మార్చేసిందని ఆయనకి తెలిసిపోయింది. వాళ్లిద్దరూ హంగేరియన్‌లో మాట్లాడుకున్నది అక్క తరవాత నాకు విడమర్చి చెప్పింది.

"అక్కడ నేను 'నువ్వా' అనే రాశాను. మీరు 'అన్నా' అన్నారట."

"అవును. మాట 'నువ్వా' అనే ఉంది. ఆ నటుడు పలికిన తీరులో 'అన్నా' ఉంది."

"నేనే అలా రాసి ఉండాల్సింది," అని ఆయన అక్క చేతులు రెండూ పట్టుకున్నాడు. మిరపతొక్క ఇంకా అంటుకునే ఉంది పాపం.

గుమ్మంలో మరొకాయన నిలబడి ఉన్నాడు. ప్రొదాన్ వెల్చేవ్, మా స్టూడియోకి ఆ నెలలోనే వచ్చిన కొత్త అధిపతి.

"కామ్రేడ్ కుర్తేవా, నటుల చేత కూడా ఇలా మాట్లాడించగలరా?"

"ఆరేళ్లుగా కుర్చీల చేత మాట్లాడిస్తున్నానండి. మనుషులైతే ఇంకా తేలిక."

ఆయన పగలబడి నవ్వాడు. "సోమవారం కథ పట్టుకుని రండి."

వీధిలోకి రాగానే అక్క నన్ను పట్టుకుని గిర్రున తిప్పేసింది. పక్కన బనిత్స అనే జున్ను రొట్టెలు అమ్మే ముసలాయన భయపడి బండి వెనక్కి లాక్కున్నాడు.

పాత సినిమా మాత్రం డబ్బాలోంచి బయటికి రాలేదు. అక్క రెండుసార్లు అడిగింది, రెండుసార్లూ కాదన్నారు. ఆ బాధ ఆవిడకి ఉండిపోయింది. కానీ మరుసటి ఏడాది మే నెలలో లోమ్ ఊళ్లో డాన్యూబ్ నది ఒడ్డున కొత్త సినిమా మొదలైంది. పడవ నడిపే ఒక విధవరాలి కథ. అక్కే రాసుకుంది.

మొదటి షాట్. నది పొంగి ఉంది. గాలికి అందరి టోపీలూ ఎగిరిపోతున్నాయి. నలభై మందిమి బురదలో నిలబడ్డాం.

"కెమెరా!"

పడవ ఒడ్డుకి కొట్టుకుంది. నటి దూకింది, జారింది, పడబోయి నిలదొక్కుకుంది. రాసిన మాట మర్చిపోయి, నదిని పట్టుకుని సొంతంగా నాలుగు చీవాట్లు పెట్టింది. ఎవరూ నవ్వే సాహసం చెయ్యలేదు.

"కట్!" అక్క కళ్లు మెరిసిపోతున్నాయి. "ఇంకోసారి తీద్దాం!"

"బాగానే వచ్చింది కదక్కా?" అన్నాను.

"బాగా వచ్చింది కాబట్టేనే పిచ్చిదానా! ఇంకోసారి చూడాలనుంది!"