రెండూళ్ల మనిషి

ఆ రోజు ఇంట్లో ఉన్నది అయిదుగురు. పొయ్యి చుట్టూ మయోరిన్ వాళ్ల నాన్న యాంగ్మీసో, చిన్నాన్న రామ్‌ఖతింగ్, చిన్నాన్న కొడుకు పామ్‌షాంగ్. వెనక గదిలో మగ్గం ముందు నాయనమ్మ షిమ్రేలా. టీ పోస్తూ మయోరిన్. అమ్మ ఆకుకూరలు అమ్ముకోవడానికి ఉఖ్రుల్ బజారుకు వెళ్లింది. కుక్కను కూడా లెక్కలో వేసుకుంటే ఆరు. మయోరిన్‌ను మాత్రం ఎవరూ లెక్కలో వేసుకోలేదు. పదహారేళ్లు వచ్చినా నలుగురిలో నోరు విప్పని పిల్ల. ఆమె ముందు ఏం మాట్లాడుకున్నా గోడ ముందు మాట్లాడుకున్నట్టే.

"సింగ్‌రాం వాళ్లు ఇరవై కత్తులు చేయించారట. కమ్మరి స్వయంగా చెప్పాడు నాతో," అన్నాడు చిన్నాన్న.

"రెండు తుపాకులు కూడా ఉన్నాయట," అన్నాడు పామ్‌షాంగ్.

"అట, అట! కళ్లతో చూసినవాడు ఒక్కడైనా ఉన్నాడట్రా?" అన్నాడు నాన్న.

"చూసేదాకా ఆగితే, చూడ్డానికి తలకాయ ఉండాలి కదా పెదనాన్నా!"

చిన్నాన్న పకపకా నవ్వాడు. నాన్న నవ్వలేదు. తమ ఊరు ఖారాంగ్‌కీ సింగ్‌రాంకీ మధ్య ఉన్న కొండ మీద ఒక ఊట ఉంది. రెండూళ్లవాళ్లూ అది మాదంటే మాదంటారు. దాని పక్కన సింగ్‌రాం వాళ్లు కొత్తగా ఒక పాక వేశారు. మధ్యాహ్నం భోజనాలు కాగానే ఖారాంగ్ మగవాళ్లంతా చర్చి దగ్గర కలుసుకుని, పైకి వెళ్లి ఆ పాకకు నిప్పు పెట్టాలని రాత్రే అనుకున్నారు. అవతలివాళ్లు ఊరుకోరని అందరికీ తెలుసు.

"నాకు కొట్లాట ఇష్టం లేదు," అన్నాడు నాన్న, టీ గ్లాసులోకి చూస్తూ. "కానీ ఇవాళ మనం వెళ్లకపోతే రేపు వాళ్లే వస్తారు." తర్వాత వెనక గది వైపు చూసి గొంతు తగ్గించాడు. "అమ్మకు మాత్రం తెలియనివ్వకండి."

నాయనమ్మ పుట్టిల్లు సింగ్‌రాం. ఒక ఊళ్లో పుట్టి ఇంకో ఊరి కోడలైన ఆడమనిషి రెండూళ్ల మనిషి. రెండు ఊళ్లూ కత్తులు పట్టుకుని ఎదురెదురుగా నిలబడ్డా, ఆమె వచ్చి మధ్యలో నిలుచుంటే కత్తులు దించాల్సిందే. ఆమె మీద చెయ్యి వేసినవాడికి సొంత ఊళ్లో కూడా నిప్పు పుట్టదు. పూర్వం ఇలాంటి ఆడవాళ్లు ఇంటికొకరు ఉండేవారు. ఊట గొడవ మొదలయ్యాక పిల్లను ఇవ్వడం లేదు, తెచ్చుకోవడం లేదు. యాభై ఏళ్లలో ఒక్కొక్కరే పోగా, మిగిలింది నాయనమ్మ ఒక్కతే.

మయోరిన్ చూపు తలుపు వెనక్కి పోయింది. అక్కడ ఏడు కొత్త కత్తులు గోడకు ఆనించి ఉన్నాయి. పోడు కొట్టడానికని కిందటి వారమే తెచ్చారు. అదే కమ్మరి, అదే కొలిమి.

"నాన్నా, మనం కూడా..." అంది.

ముగ్గురూ ఆమె వైపు తిరిగారు.

"టీ చల్లారింది. వేడి చేసి పట్రా," అన్నాడు పామ్‌షాంగ్.

అన్నాలు తిన్నారు. వెళ్లేటప్పుడు ముగ్గురూ మూడు కత్తులు తీసుకున్నారు. చర్చి మలుపులో వాళ్లు కనుమరుగయ్యేదాకా గడప మీద నిలుచుని, మయోరిన్ వెనక గదిలోకి వెళ్లింది. చెబితే నాయనమ్మ వెళుతుంది. వెళితే ఏమైనా కావచ్చు. చెప్పకపోతే నాన్నకు ఏమైనా కావచ్చు. మగ్గం పక్కన కూర్చుని, చెప్పేసింది.

నాయనమ్మ చేతులు ఆగాయి. "ఎందుకు వెళ్తున్నారట?"

"ఊట కోసమని నాన్న. ముత్తాత కాలంలో వాళ్లు మనవాణ్ణి ఒకణ్ణి చంపారని చిన్నాన్న. ఫుట్‌బాల్‌లో మనం ఓడిపోతే నవ్వారని పామ్‌షాంగ్ అన్న."

"ఒక్క పొయ్యి దగ్గరే మూడు కారణాలా!"

"కత్తులు కూడా. ఇరవై చేయించారట."

"పోడు కొట్టే నెలలో కత్తులు కాక గరిటెలు చేయించుకుంటారా? మన ఊరివాళ్లు ఎన్ని తెచ్చారు?"

"మన ఇంటికే ఏడు. ఊరంతా కలిపితే నలభై పైనే."

"ఆ కమ్మరి ఈ సంగతి అక్కడ చెప్పకుండా ఉంటాడా? నోరు ఊరుకోదు వాడికి." నాయనమ్మ మోకాళ్లు పట్టుకుని లేచింది. "సింగ్‌రాంలో మా అన్న కొడుకు ఈ పాటికి పొయ్యి దగ్గర కూర్చుని ఇదే మాట అంటుంటాడు, మనం వెళ్లకపోతే వాళ్లే వస్తారని. పిరికి వెధవ. భయం వేసినప్పుడే పెద్దగా అరుస్తాడు, అచ్చం మీ చిన్నాన్నలాగే."

పెట్టె తెరిచి, అడుగునున్న ఎర్ర శాలువా తీసి కప్పుకుంది. పెళ్లినాడు వాళ్లమ్మ నేసి ఇచ్చింది. అంచు చూస్తే చాలు, ఏ ఊరి నేతో తెలిసిపోతుంది.

"వాగు దారిన పోతే వాళ్లకంటే ముందే ఊట దగ్గరికి చేరతాను."

"సింగ్‌రాం కుర్రాళ్లకు నువ్వెవరో తెలియదు నాయనమ్మా. తుపాకీ పట్టుకున్నవాడికి శాలువా కనపడుతుందా?"

"కనపడకపోతే వినపడుతుంది. ఒక్కొక్కణ్ణీ వాళ్లమ్మ పేరు పెట్టి పిలుస్తా. అన్ని పేర్లూ నాకు వచ్చు."

మయోరిన్ చేతికర్ర తెచ్చింది కానీ ఇవ్వలేదు. రెండు చేతులతో పట్టుకుని గడపకు అడ్డంగా నిలుచుంది. "నేనూ వస్తాను. వాగు దగ్గర రాళ్లు జారతాయి. నీ మోకాళ్లు ఆగవు. నీకు చెప్పింది నేను. నీకేమైనా అయితే నేను... నాన్నకు నేనే చెప్పుకుంటాను. నేను వస్తానంతే."

"ఓసినీ! ఇన్ని మాటలు ఎక్కడ దాచిపెట్టావే ఇన్నాళ్లూ?" అంటూ నాయనమ్మ కర్ర అందుకుంది. ఒక్క క్షణం మనవరాలి తల మీద చెయ్యి వేసింది. "నన్ను చూసి దించుతారు తల్లీ. నిన్ను చూసి దించరు. నువ్వు ఒట్టి ఖారాంగ్ పిల్లవి."

"పోనీ, వాగు దాకా."

"సరే. ముందు ఆ మగ్గం చూడు. లేచేటప్పుడు దారం తెంపినట్టున్నాను. ముడి వేసి రా."

మయోరిన్ పరుగున వెళ్లి మగ్గం మీదికి వంగింది. ఎర్ర దారాలు, నల్ల దారాలు, అన్నీ బిగువుగా, వరసగా ఉన్నాయి. ఒక్కటీ తెగలేదు.

ఆమె వెనకాల తలుపు మూసుకుంది. బయట అడ్డకర్ర పడింది.