అరగంట గారు

పొద్దున్న ఆరున్నరకే ఆయన ఫోన్ పట్టుకుని కూర్చుని, అప్పటికి నాలుగో అబద్ధం ఆడుతున్నాడు.

"ఎనిమిదింటికి షాటమ్మా. ఎనిమిదంటే ఎనిమిదే," అన్నాడు సీరియల్లో అత్తగారి వేషం వేసే నటితో. నిజానికి షాట్ తొమ్మిదింటికి. ఆవిడకి గంట ముందు చెప్పాలి, మామగారి వేషానికి నలభై నిమిషాలు, కెమెరామన్‌కి అరగంట, మేకప్ మనిషికి పావుగంట. ఎవరికి ఎంత జరిపి చెప్పాలో ముప్పై రెండేళ్ళుగా ఆయనకు నోటికొచ్చు. సూర్యుడి దగ్గర మాత్రం ఈ పప్పులుడకవు కాబట్టి, ఆరుబయట తీసే సీన్లంటే ఆయనకు భయం. యూనిట్ వాళ్ళంతా వెనకాల ఆయన్ని అరగంట గారు అంటారు. ఆయనకా సంగతి తెలుసు. ఇంతకన్నా చెడ్డ పేర్లు పెట్టించుకున్న నిర్మాతలు ఎంతమంది లేరు, పోనీలే అని ఊరుకున్నాడు.

నిర్మాత అనగానే పెద్ద కారూ, నల్ల కళ్ళజోడూ ఊహించుకునేరు. ఈయనది మోచేతుల దగ్గర వెలిసిపోయిన చొక్కా, ఎప్పుడూ ఒక చెవికి ఆనించి ఉన్న ఫోను. రెండు సినిమాలు తీశాడు. మొదటిదాన్ని మూడో రోజుకి ఖాళీ కుర్చీలు తప్ప చూసినవాళ్ళు లేరు. రెండోది పూర్తయింది గానీ విడుదలకు నోచుకోలేదు. దాని రీళ్ళ డబ్బాలు పదేళ్ళు మంచం కింద ఉన్నాయి. భార్య రోజూ వాటిని ఇవతలికి లాగి, ఊడ్చి, మళ్ళీ లోపలికి నెట్టేది. అవతల పారెయ్యండి అని ఒక్కనాడూ అనలేదు. తర్వాత ఆయన టీవీలోకి వచ్చి పడ్డాడు. ఈ మధ్యాహ్నం సీరియల్ ఎనిమిది వందల ఎపిసోడ్లు దాటింది. ఆఖర్న పేర్లు పరుగులు పెడుతుంటే ఆయన పేరు పట్టుకోగల మనిషి లోకంలో ఒక్కతే. రెప్ప వెయ్యకుండా కూర్చుని, "వచ్చారు," అనేది, ఆయనే ఇంటికొచ్చినట్టు.

మొగుడి విద్య ఆవిడా నేర్చింది. సినిమాకి ఆరింటికి బయల్దేరాలంటే ఆయనతో ఐదని చెప్పేది. ఆయన దిగేది సరిగ్గా ఆరింటికే. అబద్ధమని ఇద్దరికీ తెలుసు, అందుకని ఎన్నడూ పేచీ రాలేదు.

ఆవిడ ఆసుపత్రిలో చేరి నాలుగు రోజులైంది. ఇవాళ గుండెకు ఆపరేషన్. ఒళ్ళు బాగా నీరసించింది, మా ప్రయత్నం మేం చేస్తాం అన్నాడు డాక్టరు. ఆ మాట విన్నప్పటి నుంచి ఆయనకు ముద్ద దిగడం లేదు. షూటింగ్ మానేద్దామనుకున్నాడు. కానీ షూటింగుకి అద్దెకి తీసుకున్న ఇల్లు ఇవాళతో ఆఖరు. "ఇక్కడ కూర్చుని నా మొహం చూసి ఏం చేస్తారు? మధ్యాహ్నం రండి, చెల్లి ఉందిగా," అని ఆవిడే పంపించింది.

అత్తగారి వేషం ఆవిడ పదవడానికి పది నిమిషాలుందనగా వచ్చింది. దాంతో ఆ రోజు పనంతా వెనక్కి జరిగింది.

రెండింటికి భార్య ఫోన్ చేసింది.

"నాలుగింటికి లోపలికి తీసుకెళ్తారట. అంతకుముందు ఒకసారి కనిపించండి."

"వస్తాను. ఇంతకీ నాలుగంటే ఎంత?"

ఆవిడ నవ్వింది. ఊపిరి చాలక మధ్యలో ఆగింది. "నాలుగంటే నాలుగే."

"నా డైలాగు నాకే చెబుతున్నావా?" అన్నాడు. అవతల మళ్ళీ ఆ నవ్వే వినిపించింది.

ఆయన లెక్క కట్టుకున్నాడు. తనకి ఆవిడెప్పుడూ గంట ముందే చెబుతుంది. నాలుగంటే ఐదు. నాలుగున్నరకి చేరితే అరగంట కూర్చుని మాట్లాడొచ్చు.

మూడుంబావుకి ఒక్క షాట్ మిగిలింది. అత్తగారు గబగబా మెట్లు దిగి కోడలి చేతిలో ఉత్తరం లాక్కోవాలి. దర్శకుడు దగ్గరికొచ్చి, "మీరు బయల్దేరండి సార్, మేం చూసుకుంటాం," అన్నాడు.

"టైముంది లేవయ్యా."

అత్తగారు మూడుసార్లు మెట్లు దిగింది. మొదటిసారి చీర కాలికి అడ్డం పడింది. రెండోసారి వీధిలో ఎవడో హారన్ కొట్టాడు. మూడోది బ్రహ్మాండంగా వచ్చింది. ఆయన చప్పట్లు కూడా కొట్టాడు.

నాలుగు ఇరవైకి ఆసుపత్రి లిఫ్టులో నిలబడి జుట్టు సవరించుకున్నాడు. చూశావా, ఇవాళ నీ లెక్క కంటే ముందొచ్చాను అని ఆవిడని ఏడిపించాలనుకున్నాడు.

గదిలో మంచం లేదు. మరదలు కిటికీ దగ్గర నిలబడి ఉంది.

"నాలుగింటికే తీసుకెళ్ళారు బావా. అక్క గుమ్మం దగ్గర మంచం ఆపించింది. మా ఆయన వచ్చేస్తారు, కాసేపు ఆగండమ్మా అని నర్సుని బతిమాలింది. పాపం ఐదు నిమిషాలు ఆగారు."

"నిజంగా నాలుగేనా?"

"నిజంగానే. నేను ఫోన్ చేస్తానంటే వద్దంది. దారిలో ఉంటారు, కంగారు పడతారంది."

ఆ ఐదు నిమిషాలూ ఆవిడ ఆ గుమ్మంలో పడుకుని, వరండా చివరికి చూస్తూ ఉండి ఉంటుంది. తనప్పుడు చప్పట్లు కొట్టి, కారెక్కి, దారిలో తీరిగ్గా అద్దం దించుకుని గాలి పీల్చుకుంటున్నాడు. బయటికి రానీ, రెండు చేతులూ పట్టుకుని తప్పయిపోయిందని చెప్పుకుంటాను అనుకున్నాడు.

ఆరు దాటాక డాక్టరు వచ్చి ఆయన్ని కూర్చోమన్నాడు. ఆయన కూర్చోలేదు. నిలబడే అంతా విన్నాడు. మరదలు గోడకి ఆనుకుని కిందికి జారిపోయింది. అప్పుడే ఆయన జేబులో ఫోన్ మోగింది. మేకప్ మనిషి.

"సార్, రేపు ఎన్నింటికండీ?"

"రేపు..." అన్నాడు. ఎంత వెతుక్కున్నా అంకె నోటికి రాలేదు. "రేపు లేదయ్యా," అని పెట్టేశాడు.

గది ఖాళీ చెయ్యాలి, సామాను తీసుకోండి అంది నర్సు. ఆయన ఆవిడ చీర మడిచి సంచిలో పెట్టాడు, దువ్వెన పెట్టాడు. గోడవార బల్ల దగ్గరికి వచ్చి ఆగిపోయాడు.

"అక్కే పోసింది బావా, ఫ్లాస్కులోంచి," అంది మరదలు వెనక నుంచి. "నాలుగవడానికి పది నిమిషాలుందనగా. పొద్దుటి నుంచి తనకి మంచినీళ్ళు కూడా ఇవ్వలేదు. మీరు వస్తూనే తాగుతారంది."

బల్ల మీద, పైన సాసరు మూతపెట్టి, అంచుదాకా పోసిన టీ కప్పు ఉంది.